సాసేజ్, కూరగాయల ట్రే ఓవెన్‌లో నీళ్లు నీళ్లుగా ఎందుకవుతోంది?

బొలోన్యా_బ్యాచిలర్:

నమస్కారం అందరికీ. ఇటలీలోని బొలోన్యాలో మాస్టర్స్ రెండో ఏడాది. నలుగురు అబ్బాయిలం ఒకే ఫ్లాట్‌లో ఉంటాం. మా ఓనరమ్మ గారు కింది అంతస్తులోనే ఉంటారు, డెబ్బై దాటిన మనిషి. పోయిన నెల ఒక ఆదివారం మమ్మల్ని భోజనానికి పిలిచారు. పాస్తా పెడతారేమో అనుకుంటూ వెళ్లాం. ఆవిడ ఓవెన్‌లోంచి అంచులు నల్లబడిన పాత ఇనప ట్రే తీసి, అలాగే తెచ్చి టేబుల్ మధ్యలో పెట్టారు. సాసేజ్‌లు, బంగాళాదుంపలు, ఎర్ర క్యాప్సికం, ఉల్లిపాయలు, పొట్టు తీయని వెల్లుల్లి, అంతే. దుంపల అంచులు కరకరలాడుతున్నాయి, లోపల మాత్రం వెన్నలా ఉన్నాయి. మావాడొకడు ట్రే అడుగున అంటుకున్న దుంప ముక్క కోసం ఫోర్కుతో గీకుతుంటే, కోప్పడతారేమోనని భయపడ్డాం. ఆవిడ రొట్టె ముక్క వాడి చేతికిచ్చి, దీంతో తుడుచుకుని తిను అన్నారు.

ఎలా చేశారని అడిగితే ప్రతిదానికీ ఒకటే జవాబు, "క్వాంతో బాస్తా". నూనె ఎంత? క్వాంతో బాస్తా. వైన్ ఎంత? క్వాంతో బాస్తా. ఇక్కడి వంట పుస్తకాలు కూడా ఆ మాటనే రెండక్షరాలకు కుదించి రాసేస్తాయి. 'తగినంత' అని అర్థం. తగినంత అంటే ఎంతో తెలిసినవాడికి రెసిపీ ఎందుకండీ?

సరే, మొన్న ఆదివారం నేనే దిగాను. కిలో సాసేజ్, కిలో దుంపలు, రెండు క్యాప్సికం, ఫ్రిజ్‌లో పడి ఉన్న మూడు జుకీనీలు (కీరదోసలా కనిపించే కూరగాయ), ఒక డబ్బా చిన్న టమాటాలు. అన్నీ కోసి, ఉప్పు, నూనె కలిపి, సూపర్‌మార్కెట్‌లో దొరికే పల్చటి అల్యూమినియం ట్రేలో సర్దాను. సర్దాను అనకూడదు, కుక్కాను. పైన ఫాయిల్ కప్పి 180 డిగ్రీల్లో పెట్టాను. ఇరవై నిమిషాలకు ఠప్‌మని కరెంటు పోయింది. మా మీటరు 3 కిలోవాట్లది, ఓవెనే రెండు దాకా తినేస్తుంది. ఆదివారం రేటు తక్కువని రూమ్మేట్ అదే టైముకు వాషింగ్ మెషీన్ వేశాడు. మూడంతస్తులు దిగి మీటరు ఆన్ చేసి వచ్చి, మళ్లీ మొదలుపెట్టాను.

నలభై నిమిషాలకు ఫాయిల్ తీస్తే లోపల చెరువు. సాసేజ్‌లు తెల్లగా తేలుతున్నాయి. ఆ నీళ్లు ఇంకాలని ఫాయిల్ లేకుండా ఇంకో అరగంట ఉంచాను. నీళ్లు ఇంకలేదు కానీ సాసేజ్‌లు రబ్బరయ్యాయి, దుంపలు నడిమధ్యలో పచ్చిగానే ఉన్నాయి. ఉప్పు కషాయం. నలుగురం మాట్లాడకుండా తిన్నాం.

వచ్చే ఆదివారం ఆవిడను మా ఇంటికి భోజనానికి పిలిచేశాను. నోరు జారాను, ఇక తప్పదు. దుంపలు ముందే ఉడకబెట్టాలా? సాసేజ్‌కు ఫోర్కుతో గాట్లు పెట్టాలా? వైన్ ఎప్పుడు పోయాలి?

పెరూజా_వంటింటి_అక్క:

తమ్ముడూ, ఫాయిల్ కప్పావు చూడు, అక్కడే సగం వంట పోయింది. మిగతా సగం జుకీనీలు ముంచాయి.

నేను పెరూజాలో ఒక క్యాంటీన్ వంటింట్లో పన్నెండేళ్లుగా చేస్తున్నాను. వారానికి ఒకసారి ఈ ట్రేలు పది పన్నెండు పెడతాం. మొదటి నెలలో నేను పెట్టిన ట్రే కూడా నీ చెరువులాగే ఉండేది, అందుకని నవ్వడం లేదు.

లెక్క చూడు. జుకీనీలో నూటికి తొంభై అయిదు వంతులు నీళ్లే. మూడు జుకీనీలు అరకిలో అనుకున్నా, దాదాపు అర లీటరు నీళ్లు నువ్వే చేతులారా ట్రేలో పోశావు. టమాటాలదీ అదే కథ. పైగా ముందే ఉప్పు వేశావు, ఉప్పు ఆ నీళ్లను బయటికి లాగింది. ఫాయిల్ ఆవిరిని పోనివ్వలేదు. నీళ్లు ఉన్నంతసేపూ ట్రేలో వేడి వంద డిగ్రీలు దాటదు. గోధుమ రంగు రావాలంటే 140 దాటాలి. ఇక నువ్వు ఓవెన్‌ను ఎంత వేడి పెట్టుకున్నా లాభమేముంది?

నేను చేసే పద్ధతి చెప్తాను, నలుగురికి. దుంపలు 800 గ్రాములు, పసుపుగా ఉండే రకం తీసుకో, 'పాస్తా జాల్లా' అని సంచి మీద రాసి ఉంటుంది. సాసేజ్ 600 గ్రాములు చాలు. నువ్వు తెచ్చిన కిలో ఎక్కువ, అందుకే అన్నీ ఒకదానిమీద ఒకటి ఎక్కాయి. ఎర్రదో పసుపుదో క్యాప్సికం రెండు, ఎర్ర ఉల్లిపాయలు రెండు, వెల్లుల్లి రెబ్బలు ఆరు పొట్టుతోనే. పొట్టుతో వేస్తే ఇక్కడివాళ్లు 'చొక్కా వేసుకున్న వెల్లుల్లి' అంటారు. ఆ చొక్కా వల్లే అది మాడదు, లోపల జామ్‌లా అయిపోతుంది.

దుంపల్ని రెండు వేళ్ల మందాన కోసి, ఉప్పు నీళ్లలో ఆరేడు నిమిషాలు ఉడకనివ్వు. వంచేశాక అదే గిన్నెలో రెండుసార్లు ఎగరేస్తే అంచులు గరుకుగా అవుతాయి. తర్వాత కరకరలాడేవి ఆ గరుకు అంచులే. రెండు నిమిషాలు ఆవిరి పోనిచ్చి, నాలుగు చెంచాల ఆలివ్ నూనె, ఒక రెమ్మ రోజ్‌మెరీ (ఘాటు వాసన ఉండే ఆకు) కలుపు. ఈలోపు ఖాళీ ట్రేను ఓవెన్‌లోనే 200 డిగ్రీల్లో కాలనివ్వు. కాలిన ట్రేలో దుంపలు పడగానే సుయ్ మనాలి. ఆ చప్పుడు రాకపోతే ఇంకా ఆగు.

ఇరవై నిమిషాలకు దుంపల్ని తిరగేసి క్యాప్సికం, ఉల్లి, వెల్లుల్లి వెయ్యి. ఇంకో పదిహేను నిమిషాలకు సాసేజ్. అంటే సాసేజ్ చివర వస్తుంది, ఓవెన్‌లో దాని పని పాతిక నిమిషాలే. నువ్వు దాన్ని గంటకు పైగా ఉంచావు, రబ్బరవక ఏమవుతుంది.

గాట్ల సంగతికొస్తే, నేను ఫోర్కు పెట్టను. ఒక్కో సాసేజ్‌ను మూడు ముక్కలు కోసేస్తాను. కోసిన చోటు ఎర్రగా వేగుతుంది, కొవ్వు మెల్లగా దిగి దుంపలకు పడుతుంది. మా క్యాంటీన్‌లో ఇంకొకాయన గాట్లే పెడతాడు, ఈ విషయంలో మాకిద్దరికీ ఎప్పుడూ పడదు. వైన్ అర గ్లాసు, తెల్లది, ఆఖరి పది నిమిషాల్లో. ముందే పోస్తే మళ్లీ నీళ్లే. సాసేజ్ మీద కాకుండా ట్రే మూలన పొయ్యి, అడుగున అంటుకున్నది ఊడి వస్తుంది.

ఉప్పు మళ్లీ వేయకు. సాసేజ్ చేసేటప్పుడే కిలో మాంసానికి 20 గ్రాములకు పైగా ఉప్పు పడుతుంది, అది కొవ్వుతో పాటు దుంపల్లోకి దిగుతుంది. మా వైపు రొట్టెలో ఉప్పు అసలు ఉండదు. వచ్చిన కొత్తలో చప్పగా ఉందని తిట్టుకునేదాన్ని. ఈ ట్రే అడుగు తుడుచుకుని తిన్నాకే ఆ రొట్టె విలువ తెలిసింది.

ఆ పల్చటి అల్యూమినియం ట్రే మాత్రం పారెయ్. వేడిని పట్టి ఉంచదు.

తోరినో_ట్రామ్:

అక్క చెప్పింది నిజమే, ఒక్క మాట తప్ప. దుంపలు ముందు ఉడకబెట్టడం నాకు బద్ధకం. చిన్నగా, ఒక వేలు మందాన కోసి పచ్చివే వేస్తాను, బాగానే వస్తాయి. వెన్నలాంటి లోపలి భాగం కావాలంటే మాత్రం అక్క దారే.

ఓవెన్‌లో ఫ్యాన్ గుర్తు ఉంటే డిగ్రీలు ఒక ఇరవై తగ్గించు. ఫ్యాన్ తేమను లాగేస్తుంది కాబట్టి దుంపలకు మంచిదే, సాసేజ్ మాత్రం తొందరగా ఎండుతుంది.

ఇంతకీ ఏ సాసేజ్ కొన్నావో చెప్పలేదు. నేను వచ్చిన ఏడాది మాంసం కొట్టులో సన్నగా తాడులా చుట్టిన సాసేజ్ చూసి, బాగుందని అరకిలో తీసుకున్నాను. ఓవెన్‌లో పెడతానంటే కొట్టతను కత్తి కింద పెట్టి నా మొహం చూశాడు. అది బ్రా ఊరి సాసేజ్ అట. పంది మాంసం కాదు, దూడ మాంసానికి పంది కొవ్వు కలిపి చేస్తారు, పచ్చిగానే తింటారు. అయినా నేను కాల్చాను. పావుగంటలో ఎండిపోయి కూర్చుంది. ఓవెన్‌కు అంటే 'సాల్సీచ్చా ఫ్రెస్కా' అని అడుగు, లావుగా, మెత్తగా ఉండేది. దండెం మీద వేలాడదీసి ఆరబెట్టినవి కోసుకుని తినడానికి, అవి ట్రేలో వేస్తే ఉప్పు రాళ్లే.

పొటెంజా_కొండమీద:

సాసేజ్ మాట వచ్చింది కాబట్టి మా ఊరి గొప్ప చెప్పుకోనివ్వండి. ఈ బాసిలికాటా ప్రాంతాన్ని పూర్వం లుకానియా అనేవారు. రోమ్ సైనికులు ఇక్కడివాళ్ల దగ్గర సాసేజ్ చేయడం నేర్చుకున్నారని, అందుకే దానికి లుకానికా అని పేరొచ్చిందని రెండు వేల ఏళ్ల కింద వర్రో అనే రోమన్ పండితుడు రాశాడు. ఉత్తరాదిలో లుగానెగా అని అమ్మేదీ ఆ పేరే. పాత రోమన్ల వంటకంలో దీంట్లో మిరియాలు, జీలకర్ర కూడా పడేవి. ఇప్పుడు మాకు ఇక్కడ అడవి సోంపుతో వస్తుంది. అక్క వాళ్ల వైపు వెల్లుల్లి, మిరియాలే. నీకు దొరికినదాంట్లో సోంపు లేకపోతే చిటికెడు సోంపు గింజలు నలిపి ఉల్లిపాయల్లో వేసి చూడు. ఓనరమ్మ గారికి నచ్చుతుందో లేదో నాది పూచీ కాదు, ఊరికో రుచి ఇక్కడ.

ఇంకొకటి, కొట్టులో క్యాప్సికం కావాలంటే 'పెపెరోని' అని అడగాలి. పిజ్జా మీద వేసే మాంసం ఇస్తారేమోనని నేను చాలా రోజులు ఆ మాట అనడానికే భయపడ్డాను.

రోమ్_నైట్‌షిఫ్ట్:

మా ఇంట్లో పంది తినం. కోడి సాసేజ్‌తో ఇదే పద్ధతి కుదురుతుందా?

పెరూజా_వంటింటి_అక్క:

కుదురుతుందమ్మా. కొవ్వు తక్కువ కాబట్టి ట్రేలో ఇంకో రెండు చెంచాల నూనె వేసి, సాసేజ్‌ను చివరి పదిహేను, పద్దెనిమిది నిమిషాలకే వెయ్యి. కోసి వేయకు, ఎండిపోతుంది. మధ్యలో గులాబీ రంగు అసలు మిగలకూడదు. కానీ ప్యాకెట్ వెనక చదువు. లోపల కోడి అయినా పైన తొడుగు పంది పేగు అయి ఉండొచ్చు. 'బుదెల్లో' అనే మాట పక్కన 'సుయీనో' అని ఉంటే పందిదే.

బొలోన్యా_బ్యాచిలర్:

ఫలితం చెప్పడానికి వచ్చాను. వాషింగ్ మెషీన్ ప్లగ్గు పీకి జేబులో పెట్టుకున్నాను.

అక్క చెప్పినట్టే చేశాను, జుకీనీ, టమాటా లేకుండా. ట్రేకు ఆవిడనే అడిగాను, సిగ్గుపడలేదు. దుంపలు వేయగానే సుయ్ మన్నాయి, అక్కా! ఆ చప్పుడు వీడియో తీశాను. వైన్ మూలన పోశాక వచ్చిన వాసనకు ఎదురింటివాళ్లు తలుపు తీసి చూశారు. తప్పు ఒకటే జరిగింది. రోజ్‌మెరీ ఒక రెమ్మ అన్నారు, నేను నాలుగు వేశాను, ఔషధం వాసన వచ్చింది. ఓనరమ్మ గారు ఏమీ అనకుండా ఆకులు ఏరి ప్లేటు అంచున కుప్ప పెట్టారు. అది చూసి రూమ్మేట్లు ఇప్పటికీ ఏడిపిస్తున్నారు. కానీ రెండోసారి వడ్డించుకున్నారు. వెళ్తూ వెళ్తూ ట్రే మీ దగ్గరే ఉంచుకోండి, నాకు ఇప్పుడు బరువైపోతోంది అన్నారు.

ఆ ట్రే ఇప్పుడు సింకులో ఉంది. అడుగున నల్లగా పట్టేసింది. డిష్‌వాషర్‌లో పెట్టేయొచ్చా?

పెరూజా_వంటింటి_అక్క:

వద్దు!! తీసెయ్ ముందు, సింకులో నానబెట్టకు, ఇనుము తుప్పు పడుతుంది. కాగిన నీళ్లు పోసి పది నిమిషాలు ఉంచి, చెక్క గరిటెతో గీకు. సబ్బు కొంచెమే. తుడిచి, ఓవెన్ ఇంకా వెచ్చగా ఉంటే అందులో పెట్టి ఆరనివ్వు, ఆరాక చుక్క నూనె రాసి పాత గుడ్డతో తుడువు. ఆ నలుపంతా పోగొట్టాలని చూడకు. ఆవిడ ఎన్నేళ్లు వండితే వచ్చిందో అది.