కేంద్ర ప్రభుత్వ కంపెనీలో కాంట్రాక్టు ఉద్యోగం తీసేశారు, ఏ లేబర్ ఆఫీసుకి వెళ్లాలి?

అందరికీ నమస్కారం. మాది విజయవాడ భవానీపురం. మా తమ్ముడు ఊరి బయట ఒక కేంద్ర ప్రభుత్వ కంపెనీ డిపోలో కాంట్రాక్టర్ కింద పనిచేసేవాడు. 2025 దసరా ముందు నోటిమాటగా రావద్దన్నారు, కాగితం ఏమీ ఇవ్వలేదు. పీఎఫ్ కాంట్రాక్టర్ పేరుతో కట్టారు, గేట్ పాస్ మీద మాత్రం కంపెనీ ముద్ర, అక్కడి ఆఫీసర్ సంతకం ఉన్నాయి.

కాంట్రాక్టర్ ప్రైవేటు కాబట్టి రాష్ట్ర లేబర్ ఆఫీసుకే వెళ్లాలని తోటివాళ్లు అంటున్నారు. కానీ 1947 పారిశ్రామిక వివాదాల చట్టానికి 2010లో చేసిన సవరణ చదివాను. కాంట్రాక్టు కార్మికుడి వివాదమైనా, అతను పనిచేసే సంస్థ ఏ ప్రభుత్వ నియంత్రణలో ఉంటే ఆ ప్రభుత్వానికే అధికారం అని ఉంది. అంటే కేంద్ర లేబర్ కమిషనర్ విభాగమే కదా? నాకైతే అదే సరైనదనిపిస్తోంది.

ఇంకో టెన్షన్. ఆ 1947 చట్టంలో రాజీ అధికారికి (ఇరుపక్షాల మధ్య రాజీ కుదిర్చే లేబర్ అధికారి) దరఖాస్తు ఇచ్చి 45 రోజులు దాటితే నేరుగా లేబర్ కోర్టుకి వెళ్లే వీలుండేది. 2025 నవంబర్ 21న ఆ పాత చట్టం స్థానంలో పారిశ్రామిక సంబంధాల కోడ్ అమల్లోకి వచ్చింది. తీసేసింది అంతకుముందే కాబట్టి ఏ చట్టం కింద రాయాలి? కంపెనీని, కాంట్రాక్టర్‌ని ఇద్దరినీ ప్రతివాదులుగా పెట్టొచ్చా? ఇలాంటి కేసు నడిపినవాళ్లు, యూనియన్‌లో ఉన్నవాళ్లు దయచేసి చెప్పండి. ఇంట్లో ఇద్దరు చిన్నపిల్లలు, వాడి జీతమే ఆధారం.