‘స్వేన్యో’ నిద్రా, కలా? ‘లా కియెరో ఆ మోరీర్’లో ఒక సకారం గురించి

గౌతమీతీరం:
సభ్యులకు నమస్కారం. పాట అందరూ విన్నదే కనుక నేరుగా విషయానికి వస్తాను. ‘లా కియెరో ఆ మోరీర్’ (చచ్చేంతగా ఆమెను ప్రేమిస్తున్నాను) అనే స్పానిష్ పాట మొదటి చరణంలో, నిన్నటిదాకా పనీపాటా లేని సోమరినైన నేను ఈనాడు ఆమె ‘స్వేన్యో’లకు కావలివాణ్ణి అయ్యానని చెప్పే పాదం కొన్ని వారాలుగా నన్ను వదలడం లేదు. డొమినికన్ గాయకుడు సెర్హియో వార్గాస్ మెరెంగేగా, అంటే ఆ దేశపు వేగమైన నృత్యసంగీతంగా, పాడినదానిలో అది నా చెవికి ‘సు స్వేన్యో దె అమోర్’ అని ఏకవచనంగా వినబడుతుంది. అచ్చులో చూస్తే ‘సుస్ స్వేన్యోస్ దె అమోర్’ అని బహువచనం ఉంది. స్వేన్యో ఏకవచనంలో నిద్ర కావచ్చు, కల కావచ్చు. బహువచనమైతే కలలే తప్ప మరొకటి కాదు. అతడు ఆమె నిద్రకు కాపలా కాస్తున్నాడా, ఆమె కలలకా? పెద్దలు తేల్చగలరని ఆశిస్తున్నాను.

శకటరేఫం:
మూలం చూడకుండా అనువాదంలో అర్థం వెతకడం వృథా ప్రయాస. ఇది 1979లో ఫ్రాన్సిస్ కబ్రెల్ ఫ్రెంచిలో రాసి పాడిన ‘జె లెమ్ ఆ మూరీర్’. అందులో ఈ స్థానంలో ఉన్న మాట ‘సొమ్మెయ్’, అనగా ఆమె రాత్రుల నిద్ర. ఫ్రెంచిలో కలకు ‘రెవ్’ అనీ ‘సోంజ్’ అనీ వేరే మాటలు ఉన్నాయి, కబ్రెల్ వాటి జోలికి పోలేదు. చిక్కంతా స్పానిష్ తెచ్చిపెట్టినది. లాటిన్‌లో నిద్రకు ‘సొమ్నుస్’, కలకు ‘సొమ్నియుమ్’ అని రెండు మాటలు ఉండగా, రెండూ అరిగి అరిగి స్పానిష్‌లో ఒకే స్వేన్యోగా మిగిలాయి. శరత్తుకు లాటిన్ మాట ‘ఔతుమ్నుస్’ స్పానిష్‌లో ఒతోన్యో అయిన దారి కూడా ఇదే. కనుక గౌతమీతీరం గారి ప్రశ్నకు జవాబు నిద్ర. బహువచనం అనువాదకుడి పొరపాటు.

హడ్సన్‌గట్టు:
శకటరేఫం గారూ, పొరపాటు అనే మాట తొందరపాటు. ఫ్రెంచి పాదంలో ‘ద్యు సొమ్మెయ్ ద సె న్యుయి’ ఆరు అక్షరాలు; స్పానిష్‌లో ‘దె సుస్ స్వేన్యోస్ దె అమోర్’ కూడా, రెండు అచ్చులను సంధి చేసి పాడితే, సరిగ్గా ఆరే. ఫ్రెంచి పాదం ఊనికతో ముగుస్తుంది. స్పానిష్‌లో రాత్రులకు ఉన్న ‘నోచెస్’లో ఊనిక మొదటి అక్షరం మీద ఉంటుంది కనుక దానిని పాదాంతంలో పెడితే పాట కుంటుతుంది. ‘అమోర్’లోనైతే ఊనిక చివర ఉంది, పల్లవిలోని ‘మోరీర్’కు అది చక్కగా జత కూడింది. రాత్రులు పోయి ప్రేమ రావడానికి కారణం ఇదే. ప్రేమ వచ్చాక నిద్ర నిలవదు. ప్రేమనిద్ర అని ఏ భాషలోనూ అనరు, ప్రేమస్వప్నాలు అంటారు. పైగా ‘ర్యాన్’, ‘గార్ద్యాన్’ అనే ఫ్రెంచి ప్రాస పోగొట్టుకోకుండా ‘ఓల్గాసాన్’ (సోమరి), ‘గ్వార్ద్యాన్’ (కావలివాడు) అని కూర్చిన మనిషికి సొమ్మెయ్ అంటే ఏమిటో తెలియదని నేను నమ్మలేను.

ఇక మెరెంగేలో సకారం వినబడకపోవడం సాక్ష్యంగా నిలవదు. డొమినికన్ మాటతీరులో అక్షరం చివరి సకారం నిలవడమే అరుదు. ‘లోస్ అమీగోస్’ అన్నది సాధారణ సంభాషణలో ‘లో అమీగో’ అవుతుంది. న్యూయార్క్‌లో డొమినికన్లు ఎక్కువగా ఉండే వాషింగ్టన్ హైట్స్‌లో మా కార్యాలయం కింద ఉన్న క్షౌరశాలలో రోజంతా ఈ మాటే వింటూ ఉంటాను కనుక చెబుతున్నాను.

గౌతమీతీరం:
అయితే ‘సుస్’ మాటేమిటి? రెండు చోట్ల సకారం ఒకేసారి పోతుందా?

హడ్సన్‌గట్టు:
మంచి ప్రశ్న. ‘సుస్ స్వేన్యోస్’లో మొదటి మాట చివరి సకారమూ రెండో మాట తొలి సకారమూ కలిసిపోతాయి కనుక మాడ్రిడ్ వాడు పలికినా, అతడు నెమ్మదిగా విడదీసి పలికితే తప్ప, ‘సు’ అన్నాడా ‘సుస్’ అన్నాడా చెప్పలేం. మిగిలిన సాక్ష్యం ‘న్యోస్’ చివరి సకారం ఒక్కటే. దాని వెంటనే దకారం ఉంది. హల్లుకు ముందున్న సకారం కరేబియన్ నోట ఊపిరిగా మారడమో పూర్తిగా జారిపోవడమో మామూలు. మీరు పట్టుకున్న అక్షరం, పాట మొత్తంలో సకారం బతకడానికి అత్యంత కష్టమైన చోట ఉన్నది.

నామలింగం:
పెద్దల మధ్య చిన్న మాట. నిద్రను, కలను విడదీయాలన్న పట్టుదల మనకు తెలుగు వల్ల వచ్చింది కాని, సంస్కృతానికి అది లేదు. అమరం ప్రథమకాండం నాట్యవర్గంలో ‘స్యాన్నిద్రా శయనం స్వాపః స్వప్నః సంవేశ ఇత్యపి’ అని ఉన్నది అందరికీ కంఠస్థమే. అక్కడ స్వప్నం నిద్రకు పర్యాయం. గీత ఆరో అధ్యాయంలో ‘న చాతి స్వప్నశీలస్య’ అన్నప్పుడు అతిగా కలలు కనేవాడని ఎవరూ అర్థం చెప్పలేదు, అతిగా నిద్రపోయేవాడనే చెప్పారు. స్వప్నమూ సొమ్నుస్సూ ఒకే మూలం నుంచి వచ్చిన జ్ఞాతులు. కనుక స్వేన్యో అన్నది దాయాది ఇంట దొరికిన మన స్వప్నమే. ‘స్వప్నరక్షకుడు’ అని తెలుగు చేస్తే రెండు అర్థాలూ దక్కుతాయి.

శకటరేఫం:
దక్కవు. జ్ఞాతిత్వం చుట్టరికానికి పనికివస్తుంది, అర్థనిర్ణయానికి పనికిరాదు. నిద్ర ముంచుకొస్తున్న తెలుగువాడు ‘నాకు స్వప్నం వస్తోంది’ అనడు. స్పానిష్ వాడు మాత్రం నేటికీ ‘తెంగో స్వేన్యో’ అనే అంటాడు. మనం స్వప్నాన్ని కల వరకే తెచ్చుకొని నిద్రార్థాన్ని అమరంలోనే వదిలేసి వచ్చాం. రెండర్థాల స్వేన్యో కావాలంటే గోయాను చూడండి. 1799లో వెలువడిన ‘కాప్రీచోస్’ చిత్రాలలో నలభై మూడవదాని మీద, బల్ల మీద తల వాల్చిన మనిషి పక్కన, వివేకపు స్వేన్యో రాక్షసులను కంటుందని రాసి ఉంటుంది. వివేకం నిద్రపోతే రాక్షసులు పుడతారా, వివేకం కనే కలలే రాక్షసులా అని రెండు వందల ఏళ్లకు పైగా తగవు నడుస్తూనే ఉంది. అక్కడ ఏకవచనం కనుక తగవుకు చోటుంది. ఇక్కడ అచ్చులో ఉన్న బహువచనం ఆ చోటును మూసివేసింది. నా అభ్యంతరం అదే.

మువ్వ:
అందరూ అక్షరాలు లెక్కపెడుతున్నారు, లయను ఎవరూ పట్టించుకోలేదు. కబ్రెల్ పాటలో గిటారు తీగలు ఒక్కొక్కటిగా మీటుతూ ఉండగా గొంతు పెంచకుండా పాడతాడు. నిద్రపోతున్న మనిషి పక్కన కూర్చున్నవాడు అలాగే పాడతాడు. అదే పాట మెరెంగే అయ్యేసరికి రెండు అక్షరాల తాళంలో గ్వీరా అనే లోహపు గీకుడు వాద్యం ఎడతెగకుండా గీస్తూ ఉంటే, తంబోరా డోలు ఒక పక్క పుల్లతో, మరో పక్క అరచేతితో మోగుతూ ఉంటే, శాక్సఫోన్లు వాటిపైన పరుగెత్తుతూ ఉంటే, ఆ ఇంట్లో ఎవరు నిద్రపోగలరు? బ్యాలడ్‌కు నిద్ర, మెరెంగేకు కలలు అన్నది నా తీర్పు. డొమినికన్ రిపబ్లిక్‌లో 1980లలో పరదేశపు బ్యాలడ్‌లను పట్టుకొచ్చి మెరెంగేలుగా వాయించే అలవాటుకు అక్కడివారే ‘ఫుసిలామియెంతో’ అని పేరు పెట్టారు. వరుసగా నిలబెట్టి తుపాకులతో కాల్చివేయడం అని దాని అర్థం. పాటకు ఏం జరుగుతుందో వాళ్లకే బాగా తెలుసు.

నిద్రను పాడాలంటే చౌకకాలమే, నెమ్మది నడకే కావాలి. క్షేత్రయ్య ‘మగువ తన కేళికా మందిరము వెడలెన్’ అన్నాడు. ‘నిడుద కన్నుల దేరు నిదుర మబ్బుతోను’ అనే పాదాన్ని మోహనంలో సాగదీసి పాడుతూ ఉంటే వినేవాడి రెప్పలు కూడా బరువెక్కుతాయి. జావళీ నడకలో ఆ పాదాన్ని పాడి చూడండి, మబ్బు విడిపోతుంది.

హడ్సన్‌గట్టు:
మువ్వ గారి చెవి మీద గౌరవం ఉంది కాని, మెరెంగే మీద ఈ అభియోగం న్యాయం కాదు. ఆ పేరు వెక్కిరింతగా పెట్టినదే, కాని అలా వచ్చిన పాటలు అన్నీ చచ్చిపోలేదు. సెర్హియో వార్గాస్ పాటతోనే దీనిని తమదిగా ఎరిగిన డొమినికన్లు ఎందరో ఉన్నారు. నడక వేగమైనదైనా మెరెంగే జంటలు దగ్గరగా పట్టుకొని ఆడే నృత్యం, అడుగు చిన్నది, నడుము కదలికే ఎక్కువ. విరహాన్ని, వలసను, దారిద్ర్యాన్ని కూడా ఆ వేగంలోనే పాడుకున్న జాతి అది. వేగం పెరిగితే బాధ తగ్గుతుందన్నది కచేరీ శ్రోతల ఊహ. ఇదే పాటను న్యూయార్క్ బృందం డీఎల్‌జీ 1997లో సల్సాగా పాడింది. అక్కడ మీ లెక్క ప్రకారం నిద్రా, కలా?

శకటరేఫం:
మువ్వ గారు ఉదహరించిన పాదంలో ‘దేరు’ ఎలా అర్థం చేసుకున్నారో తెలుసుకోవచ్చునా? శకటరేఫతో ‘తేఱు’ అయితే తేటపడడం. కన్నులు నిద్రమబ్బు విడి తేటపడుతున్నాయని అర్థం. మీరు అందుకు విరుద్ధంగా రెప్పలు బరువెక్కుతాయంటున్నారు.

మువ్వ:
మాస్టారూ, తేటపడుతూ ఉంటే తరువాతి పాదంలో నడక తడబడడం ఎందుకు? కూర ఉడికినప్పుడు నూనె పైకి తేరినట్టు, కన్నులలో నిద్ర పైకి తేరింది. తెల్లవారిందని కంచి వరదుని విడిచి మందిరం దాటింది కాని నిద్ర ఆమెను దాటలేదు. విడజారిన గొజ్జంగి విరిదండ, చిక్కుపడ్డ కంటసరి, వీటి నడుమ ఒక్క కన్నులే తేటగా ఉంటాయా? ‘నిడుద’ అనే మాటలో ఆ కన్నులు పూర్తిగా తెరుచుకోలేదన్న సూచన ఉందని నా చిరకాల విశ్వాసం.

శకటరేఫం:
నిడుద అంటే పొడవైన, విశాలమైన. చిరకాల విశ్వాసాలు నిఘంటువుకు ఎక్కవు.

మానేరు:
మబ్బు మాట వచ్చింది కనుక ఒకటి జోడిస్తాను. మా కరీంనగర్ వైపు ‘మబ్బుల లేచిన’ అంటే ఆకాశంలో మేఘాలు ఉన్నాయని కాదు, ఇంకా వెలుతురు రాకముందే లేచానని. మగువ మందిరం వెడలిన వేళ కూడా అదే. నిదుర మబ్బు అంటే నిద్రమత్తు అని అందరూ చెప్పేది ఒప్పుకుంటూనే, ఆ తెల్లవారుజాము చీకటి కూడా ఆమె కన్నులలో ఉన్నదని చదువుకుంటాను. ఇక్కడ నిద్ర ఒక స్థితి, దానిని కాపలా కాయవచ్చు. కలను ఎలా కాపలా కాస్తారు? కంటున్నవారికే అది చేతికి చిక్కదు. కావలివాడు అనే మాట పక్కన నిద్రే అతుకుతుంది.

గౌతమీతీరం:
మానేరు గారి మాటతో నాకు లక్ష్మణుడు గుర్తొచ్చాడు. గంగ ఒడ్డున సీతారాములు గడ్డిపరుపు మీద నిద్రిస్తూ ఉంటే గుహుడు ఎంత చెప్పినా పడుకోక రాత్రంతా మేలుకొని ఉన్నవాడు అతడు. మన ఆడవారు పాడుకునే ‘ఊర్మిళాదేవి నిద్ర’లో ఇంటి దగ్గర ఊర్మిళ పద్నాలుగేళ్లు నిద్రలోనే ఉండిపోయింది. నిద్రకు కావలి అంటే తెలుగువాడి మనసులో మెదిలే మూర్తి అదే. ఇన్నాళ్లూ ఏకవచనంగా విన్నది బహుశా ఈ కారణం చేతనే కావచ్చు. అయితే నా సందేహం ఇంకా అలాగే ఉన్నది: అనువాదకుడు కలలు రాశాడు, డొమినికన్ ఉచ్చారణ సకారాన్ని రాల్చింది, రాలిన తరువాత మిగిలిన ‘స్వేన్యో’లో కబ్రెల్ నిద్ర మళ్లీ వినబడుతున్నది. దీనిని పాఠాంతరంగా లెక్కించవచ్చునా?

హడ్సన్‌గట్టు:
లెక్కించలేం. ‘దె అమోర్’ ఇంకా అక్కడే ఉంది. ఏకవచనం చేసినా ‘ప్రేమస్వప్నం’ అవుతుందే కాని నిద్ర కాదు. సకారం ఒక్కటి రాలితే చాలదు, అమోర్ కూడా రాలాలి.

అసలు ఈ పాటలో అంతకంటె పెద్ద మార్పు రెండు మూడు పాదాల తరువాత ఉంది, దానిని ఎవరూ అడగలేదు. మీకు నచ్చినదంతా ధ్వంసం చేసుకోండి, ఆమె చేతులు చాచితే చాలు మళ్లీ అంతా కట్టుకుంటుంది అన్నాడు కబ్రెల్. స్పానిష్‌లో చేతులు పోయి ఊపిరి వచ్చింది: ఆమె ‘దె ఉన్ సోప్లో’, ఒక్క ఊదుతో మళ్లీ సృష్టిస్తుంది. కౌగిలిలో చోటు చూపించిన మనిషి దేవత అయిపోయింది. అదే వాక్యం మొదట్లో ‘పొదేయిస్’ (మీరు చేయగలరు) అనే క్రియారూపం ఉంది. అది స్పెయిన్ దేశపు ‘మీరు’. డొమినికన్ మాటలో ఆ మీరు లేదు, వాళ్లు ‘ఉస్తేదెస్’ అంటారు. అనువాదం అట్లాంటిక్‌కు ఏ ఒడ్డున పుట్టిందో ఆ ఒక్క రూపం చెబుతుంది.

నామలింగం:
ఊదుతో సృష్టించడం మనకు కొత్తకాదు. ‘యస్య నిఃశ్వసితం వేదాః’ అని ఉండనే ఉంది కదా.

శకటరేఫం:
అది నిఃశ్వాసం, ఊదడం కాదు.

షకీరా 2011లో పారిస్‌లోని బెర్సీ కచేరీలో ఇదే పాటను ఫ్రెంచిలోనూ స్పానిష్‌లోనూ కలిపి పాడింది. ఒకే గొంతు రెండు భాషలూ పలికినప్పుడు కూడా ఎవరికీ అనుమానం రాలేదంటే శ్రోతలు అర్థం కోసం వినరని తేలుతున్నది. హడ్సన్‌గట్టు గారు పాదాంతపు ఊనిక గురించి చెప్పినది అంగీకరిస్తాను, కాని ఊనిక కోసం నిద్రను కలగా మార్చడం కవి చేయదగిన పని కాదు. ప్రాస కోసం అర్థాన్ని తాకట్టు పెట్టిన పద్యాలు మనకూ తక్కువ లేవు.

మువ్వ:
అయితే మాస్టారూ, మీరే ఆ పాదం ఒకసారి తెలుగు చేసి చూపించండి. ఆరు అక్షరాలు, చివర గురువు, అర్థం చెడకూడదు.

శకటరేఫం:
‘ఆమె రాత్రి నిదుర్లకే’ అని ఎనిమిదయింది. రెండు తగ్గించాలి.

మానేరు:
‘రేయి నిద్దురకే నే’ అంటే ఆరు ఉన్నాయేమో చూడండి.

శకటరేఫం:
ఏడే ఉన్నాయి. పైగా ‘నిద్దుర’ అన్న ద్విత్వం నాకు సమ్మతం కాదు, ‘నిదుర’ అనండి.