అమెరికా అధ్యక్షుల్లో అతి పిన్న వయస్కుడు ఎవరు: రూజ్‌వెల్టా, కెన్నెడీనా?

తుంగభద్ర:
గత నెలలో రాసిన ఒక పోటీ పరీక్షలో 'అమెరికా అధ్యక్షుల్లో అతి పిన్న వయస్కుడు ఎవరు?' అన్న బిట్ వచ్చింది. ఆప్షన్లలో థియోడోర్ రూజ్‌వెల్ట్, జాన్ ఎఫ్. కెన్నెడీ ఇద్దరూ ఉన్నారు. నేను రూజ్‌వెల్ట్ అని గుర్తిస్తే, ప్రాథమిక కీలో కెన్నెడీ అని ఇచ్చారు. 1858 అక్టోబరు 27న పుట్టిన రూజ్‌వెల్ట్ 1901 సెప్టెంబరు 14న అధ్యక్షుడయ్యేనాటికి ఆయన వయసు 42 ఏళ్ల 322 రోజులు. 1917 మే 29న పుట్టిన కెన్నెడీ 1961 జనవరి 20న ప్రమాణం చేసేనాటికి 43 ఏళ్ల 236 రోజులు. ఇద్దరి మధ్య 279 రోజుల తేడా ఉంది. కీపై అభ్యంతరం పంపాలనుకుంటున్నాను. నా వాదనలో లోపముంటే చెప్పండి.

పల్నాటి మాస్టారు:
అమ్మా, లోపం ఉంది. ఇరవై రెండేళ్లుగా జీకే చెబుతున్నాను, ఈ బిట్‌కు సమాధానం కెన్నెడీయే. రూజ్‌వెల్ట్‌ను 1901లో ఎవరూ అధ్యక్షుడిగా ఎన్నుకోలేదు. ఆయన ఉపాధ్యక్షుడు. బఫెలో నగరంలో జరుగుతున్న ప్రదర్శనలో సెప్టెంబరు 6న అప్పటి అధ్యక్షుడు మెకిన్లీపై కాల్పులు జరిగి, ఎనిమిది రోజులకు ఆయన మరణించడంతో ఆ ఖాళీలోకి వచ్చిన మనిషి. సొంతంగా నెగ్గింది 1904 నవంబరు 8న, అప్పటికి 46 ఏళ్లు నిండాయి. కెన్నెడీ 1960లో అదే నవంబరు 8న 43 ఏళ్లకే నెగ్గారు. ప్రజాస్వామ్యంలో అధ్యక్షుడంటే ప్రజలు ఎన్నుకున్నవాడు అన్న సంగతి మరువకూడదు.

వేపచెట్టు:
మా పాత నోట్సులోనూ కెన్నెడీ అనే ఉంది.

పాత అట్లాసు:
మాస్టారు గారూ, మీరు తెచ్చిన ఈ అభ్యంతరం 1841 నాటిది, దానికి అప్పుడే జవాబు దొరికింది. విలియం హెన్రీ హారిసన్ పదవిలోకి వచ్చిన 31 రోజులకే మరణిస్తే, ఉపాధ్యక్షుడు జాన్ టైలర్ పూర్తిస్థాయి అధ్యక్షుడా, లేక తాత్కాలికంగా బాధ్యతలు చూసేవాడా అన్న వివాదం లేచింది. రాజ్యాంగంలోని వాక్యమే అస్పష్టంగా ఉండేది: ఉపాధ్యక్షుడికి సంక్రమించేది పదవా, లేక పదవి తాలూకు అధికారాలు మాత్రమేనా అన్నది దాన్ని బట్టి తేలదు. టైలర్ ప్రమాణం చేసి, తాను అధ్యక్షుడినేనని పట్టుబట్టారు. 'తాత్కాలిక అధ్యక్షుడు' అని రాసి పంపిన ఉత్తరాలను విప్పకుండానే తిప్పి పంపేవారు. కాంగ్రెస్ ఉభయసభలూ చివరకు ఆయన్ను అధ్యక్షుడిగానే గుర్తించాయి. ఆ ఆనవాయితీని 1967లో 25వ సవరణ రాజ్యాంగంలోకే ఎక్కించింది. 'ఎన్నిక కాలేదు కాబట్టి లెక్కలోకి రాడు' అనడానికి ఇక చోటెక్కడుంది?

పల్నాటి మాస్టారు:
లెక్కలోకి రాడని నేను అనలేదు. రికార్డు విషయంలో ఎన్నికే కొలమానమన్నాను. విద్యార్థి పుస్తకంలో కెన్నెడీ ఉన్నప్పుడు అదే గుర్తించాలి.

డల్లాస్ ప్రవాసి:
నేనుండే ఊరి ఉదాహరణే చెబుతాను. 1963 నవంబరు 22న కెన్నెడీ మరణించాక, గంటన్నర తర్వాత ఉపాధ్యక్షుడు లిండన్ జాన్సన్ ఇక్కడి లవ్ ఫీల్డ్ విమానాశ్రయంలో ఆగి ఉన్న విమానంలోనే న్యాయమూర్తి సారా హ్యూస్ ఎదుట ప్రమాణం చేశారు. ఆయన సొంతంగా నెగ్గింది 1964లో. ఆ మధ్య ఏడాది కాలంలో ఆయన సంతకం చేసిన పౌరహక్కుల చట్టం అధ్యక్షుడు చేసిన చట్టం కాదా? అంతెందుకు, జెరాల్డ్ ఫోర్డ్ అధ్యక్షుడిగానే కాదు, ఉపాధ్యక్షుడిగా కూడా ఎన్నిక కాలేదు. మాస్టారి కొలమానం పెడితే ఫోర్డ్‌కు ఏ రికార్డూ ఉండదు.

కొత్తపలక:
నాదొక సందేహం. ఎన్నికే కొలమానమైతే ఏ తేదీ తీసుకోవాలి? ప్రజలు ఓటు వేసేది అధ్యక్షుడిని ఎన్నుకునే ప్రతినిధులైన ఎలక్టర్లకు. 1960లో ఆ ఎలక్టర్లు ఓటు వేసింది డిసెంబరు 19న.

పల్నాటి మాస్టారు:
ఏ తేదీ తీసుకున్నా కెన్నెడీకి 43 ఏళ్లే కాబట్టి ఆ సందేహం అనవసరం. ఫోర్డ్ గురించి ప్రశ్న అడగనే లేదు. అసలు రూజ్‌వెల్ట్ ఏ క్షణంలో అధ్యక్షుడయ్యారో మీలో ఎవరైనా చెప్పగలరా? ముందు అది తేల్చండి.

పాత అట్లాసు:
చెప్పగలను. కాల్పుల తర్వాత మెకిన్లీ కోలుకుంటున్నారని వైద్యులు చెప్పడంతో రూజ్‌వెల్ట్ కుటుంబంతో అడిరాండాక్ కొండలకు వెళ్లారు. సెప్టెంబరు 13న మార్సీ పర్వతం ఎక్కి దిగుతుండగా, పరిస్థితి విషమించిందన్న టెలిగ్రామ్‌తో ఒక మనిషి కొండదారిన ఎదురొచ్చాడు. ఆ రాత్రంతా చీకట్లో, బురద దారిలో, గుర్రపు బండి మీద ప్రయాణించి తెల్లవారుజామున నార్త్ క్రీక్ రైల్వేస్టేషన్ చేరాకే మెకిన్లీ చనిపోయారన్న కబురు అందింది. మరణం సంభవించింది రాత్రి 2 గంటల 15 నిమిషాలకు. రూజ్‌వెల్ట్ బఫెలో చేరి, స్నేహితుడు ఆన్‌స్లీ విల్కాక్స్ ఇంటి గ్రంథాలయ గదిలో ప్రమాణం చేసేసరికి మధ్యాహ్నం మూడు దాటింది. నా మటుకు, తనకు తెలియకుండానే బండి మీద ఊగుతూ వస్తున్నప్పుడే ఆయన అధ్యక్షుడయ్యారు.

డల్లాస్ ప్రవాసి:
ఒప్పుకోను. విధుల్లోకి దిగేముందు ప్రమాణం చేయాలని రాజ్యాంగం స్పష్టంగా చెబుతోంది. ఆ పదమూడు గంటలు ఆయన అధ్యక్షుడు కారు.

పాత అట్లాసు:
ప్రమాణం విధుల నిర్వహణకు షరతు, పదవికి కాదు. వాక్యాన్ని మళ్లీ చదవండి.

డల్లాస్ ప్రవాసి:
చదివాను. ప్రమాణం అంత లాంఛనమే అయితే, జాన్సన్ విమానం కదలకముందే న్యాయమూర్తిని ఎందుకు పిలిపించారు?

వేపచెట్టు:
ఆ రోజు ఏ గంటకైనా ఆయన వయసు 42 ఏళ్ల 322 రోజులే కదా.

పల్నాటి మాస్టారు:
చూశారా, మీలో మీకే పొత్తు కుదరడం లేదు. పరీక్ష రాసేవారికి ఇంత పాండిత్యం అక్కరలేదు. ప్రశ్న అడిగినవాడి ఉద్దేశం తెలిస్తే చాలు. ఆ అమ్మాయి ఎక్కువ చదివి మార్కు పోగొట్టుకుంది.

తుంగభద్ర:
మాస్టారు గారూ, మీరు పెద్దవారు కాబట్టి ఇంతసేపూ ఊరుకున్నాను. ఎక్కువ చదవడం నా తప్పని మీరు అనడం వల్ల మిగతాది కూడా చెప్పాల్సి వస్తోంది. ఆ ప్రశ్నపత్రంలో ఎడమవైపు ఇంగ్లీషు, కుడివైపు తెలుగు ఉంటుంది. ఇంగ్లీషు ప్రశ్నలో 'ఎన్నికైన' అన్న మాట ఉంది. తెలుగులో అది లేదు. నేను పదో తరగతి నుంచి డిగ్రీ దాకా తెలుగు మాధ్యమంలో చదివాను, ఒక్కో ప్రశ్నకు నిమిషం కూడా లేని పరీక్షలో రెండు వైపులా చదివే వ్యవధి ఉండదు. రెండింటికీ తేడా వస్తే ఇంగ్లీషే ప్రామాణికమని మొదటి పేజీలో ఒక వాక్యం వేసేశారు. నేను అర్హత మార్కుకు ఒక్క మార్కు దూరంలో ఆగిపోయాను.

డల్లాస్ ప్రవాసి:
తల్లీ, ఈ మాట మొదటే చెప్పి ఉంటే మేమింతసేపు టైలర్ గురించి వాదించేవాళ్లం కాదు.

తుంగభద్ర:
చెబితే 'ఇంగ్లీషు వైపు చూసుకోవద్దా' అంటారు. ఇదివరకు రెండుచోట్ల అదే అన్నారు. తెలుగులో అడిగిన ప్రశ్నకు తెలుగులో సరైన జవాబు రాశానని మాత్రమే నిరూపించుకోవాలనుకున్నాను.

కొత్తపలక:
అయినా ఇంగ్లీషే ప్రామాణికమని ముందే హెచ్చరించారు కదా. నియమం తెలిసే కూర్చున్నాం. నేనూ తెలుగు మాధ్యమమే, అనుమానం వచ్చిన చోట ఇంగ్లీషు వైపు చూస్తాను.

తుంగభద్ర:
అనుమానం వస్తే చూస్తాం. ఆ తెలుగు వాక్యంలో అనుమానించడానికి ఏముంది? ఒక్క మాట కూడా తడబడలేదు. ప్రశ్న పూర్తిగా ఉంది, జవాబూ పూర్తిగా ఉంది, కాకపోతే అది వేరే ప్రశ్న.

పాత అట్లాసు:
ఇక్కడ నేను ఆమె పక్షమే. 'ఎన్నికైన' అన్న ఒక్క విశేషణం తీసేస్తే జవాబు మారిపోయే బిట్లు అమెరికా అధ్యక్షుల విషయంలో ఎన్నో ఉన్నాయి. ఉపాధ్యక్షులుగా ఉండి మధ్యలో పదవిలోకి వచ్చినవారే టైలర్ నుంచి ఫోర్డ్ దాకా తొమ్మిది మంది, వారిలో తర్వాత సొంతంగా నెగ్గినవారు రూజ్‌వెల్ట్, కూలిడ్జ్, ట్రూమన్, జాన్సన్ నలుగురే. ఇలాంటి జాబితాను అనువదించేవాడు విశేషణాన్ని అలంకారమనుకుని వదిలేస్తే ఎలా?

పల్నాటి మాస్టారు:
ఉదయం నుంచి మళ్లీ మళ్లీ చదివాను. తుంగభద్ర గారికి ఒక విషయం చెప్పాలి. నా నోట్సులో ఈ బిట్ మొదట ఇంగ్లీషు పుస్తకం నుంచే రాసుకున్నాను. ఇప్పుడు ఆ పాత పుస్తకం తీసి చూస్తే అందులో 'ఎన్నికైన' అన్న మాట ఉంది, నేను తెలుగులో రాసేటప్పుడు పంక్తి పొట్టిగా ఉంటుందని వదిలేశాను. ఇరవై రెండేళ్లుగా పిల్లలు అలాగే వల్లెవేశారు. కీ మారుతుందని నేను భరోసా ఇవ్వలేను, ఆ నియమం ఉన్నంతకాలం ఇంగ్లీషే చెల్లుతుందన్న నా అభిప్రాయమూ మారలేదు. కానీ మీ జవాబు తప్పు కాదు, నా మాట తప్పు. ఇకమీదట రెండు బిట్లుగా వేస్తాను: 'అధ్యక్షుడిగా ఎన్నికైన అతి పిన్న వయస్కుడు: కెన్నెడీ. అధ్యక్ష పదవి పొందిన అతి పిన్న వయస్కుడు: రూజ్‌వెల్ట్.'

తుంగభద్ర:
కృతజ్ఞతలు మాస్టారు. అభ్యంతరం మాత్రం ఈ రాత్రికే పంపుతున్నాను, తెలుగు ప్రశ్న, ఇంగ్లీషు ప్రశ్న పక్కపక్కన అతికించి.

డల్లాస్ ప్రవాసి:
రెండో బిట్‌లో 'పొందిన' కాకుండా 'చేపట్టిన' అని వేయండి. ప్రమాణం అయ్యేదాకా ఆయన అధ్యక్షుడు కారు.

పాత అట్లాసు:
'పొందిన' అనే ఉంచండి మాస్టారు. రాత్రి 2 గంటల 15 నిమిషాలకే అయ్యారు.