గువ్వలచెరువు ఘాటులో కారు కుదుపులు: కాయిల్ పోయిందో లేదో ఇంట్లోనే తేల్చుకోవచ్చా?

ప్రశ్న (కడప)

అందరికీ నమస్కారం. మాది కడప, ఎర్రముక్కపల్లె. మా ఆయన కువైట్‌లో ఉంటారు, ఇక్కడ కారు నేనే నడుపుతాను. 2015 మోడల్ పెట్రోల్ బండి, నాలుగు సిలిండర్లు, 84 వేల కిలోమీటర్లు తిరిగింది. నా పుట్టిల్లు రాయచోటి. నాన్నను నెలకు రెండుసార్లు కడపకు పిలుచుకొచ్చి, డాక్టరుకు చూపించి, మళ్లీ దింపి రావాలి. అంటే గువ్వలచెరువు ఘాటు నెలకు ఎనిమిదిసార్లు తప్పదు.

పోయిన ఆదివారం నాన్నను దింపడానికి పోతున్నాను. ఘాటులో మూడో గేరు మీద యాక్సిలరేటర్ తొక్కితే బండి లాగలేదు, ఎవరో వెనక నుంచి పట్టుకొని గుంజినట్టు కుదిపింది. ఇంజిన్ లైటు వచ్చింది. ఊరికే వెలగడం కాదు, వెలుగుతూ ఆరుతూ కొట్టుకుంది. వెనక సిమెంటు లారీ. నాన్న ఒక్క మాట అనలేదు గానీ, తలుపు మీది పిడి పట్టుకున్న చెయ్యి కోవా అంగళ్లు వచ్చేదాకా తియ్యలేదు. రెండో గేరులో మెల్లగా ఎక్కించి అక్కడ ఆపాను. బానెట్ ఎత్తి పావుగంట చల్లారనిచ్చి స్టార్ట్ చేస్తే ఏమీ జరగనట్టు నడిచింది. అప్పటి నుంచి ఇదే వరస. పొద్దున చల్లగా ఉన్నప్పుడు బాగుంటుంది. ఇంజిన్ కాగాక, ఎత్తు మీద తొక్కితే కుదుపు.

ఊర్లో ఒక షెడ్డులో చూపించాను. శబ్దం విని, "కాయిళ్లు నాలుగూ పోయాయి, ఇంజెక్టర్లు కూడా క్లీన్ చెయ్యాలి, పదహారు వేలు" అన్నారు. ఏ మిషనూ పెట్టి చూడలేదు. నాలుగూ పోయి ఉంటే బండి అసలు స్టార్టే కాదు కదా? డబ్బుకు వెనకాడటం లేదు, నాన్నను కూర్చోబెట్టుకొని పోయే బండి ఇది. కానీ ఏది పోయిందో తెలియకుండా ఖర్చు పెట్టి, మళ్లీ ఘాటులో అదే జరిగితే? ఆ టెన్షన్‌కు రాత్రి నిద్ర పట్టడం లేదు.

ఎయిర్ ఫిల్టర్ మార్చడం, బ్యాటరీ టర్మినళ్లు విప్పి శుభ్రం చెయ్యడం నాకు వచ్చు. ఇంట్లో మా ఆయన పానాల సెట్టు ఉంది. తప్పు కాయిల్‌దేనా అని నేనే ఎట్లా తేల్చుకోవాలి? అదే అయితే మార్చుకోవడం నా చేత అవుతుందా?

జవాబు (కర్నూలు)

చెల్లెమ్మా, ఇరవై ఆరేళ్లు ఆటో ఎలక్ట్రీషియన్‌గా పనిచేశాను. నీ అనుమానం నిజమే, నాలుగు కాయిళ్లూ ఒకేసారి పోవడం నేను ఎక్కువగా చూడలేదు. కాగాక కుదపడం, చల్లారాక బాగుపడటం మాత్రం కాయిల్ లక్షణమే. పెట్రోలును మండించే ప్లగ్గులో స్పార్కు రావడానికి ఓల్టేజీ పెంచేది కాయిల్. దాని లోపల వెంట్రుక కంటే సన్నని రాగి తీగ వేల చుట్లు ఉంటుంది. ఆ తీగ పైపూత ఎక్కడో చిట్లితే, వేడికి ఆ చోట కరెంటు దారి తప్పుతుంది. ఎత్తు మీద తొక్కినప్పుడు సిలిండర్‌లో ఒత్తిడి పెరిగి స్పార్కుకు ఎక్కువ ఓల్టేజీ కావాలి. సరిగ్గా అప్పుడే అది చేతులెత్తేస్తుంది.

అన్నిటికంటే ముందు ఇది విను. లైటు కొట్టుకుంటూ వెలిగితే ఇక ఆ బండిని తొక్కొద్దు, పక్కకు ఆపు. మండని పెట్రోలు సైలెన్సర్ దారిలో పొగను శుభ్రం చేసే క్యాటలిటిక్ కన్వర్టర్‌లోకి పోయి అక్కడ మండుతుంది. అది కాలిపోతే అయ్యే ఖర్చు ముందు కాయిల్ ఖర్చు ఏమాత్రం కాదు. తేలేదాకా నాన్నను బస్సులో పిలుచుకురా.

ఇప్పుడు పరీక్ష. మన దేశంలో 2013 ఏప్రిల్ తర్వాత వచ్చిన కార్లలో చాలావాటికి ఓబీడీ 2, అంటే ఇంజిన్ తప్పులను కోడ్‌లుగా దాచిపెట్టుకునే ఏర్పాటు, ఉంటుంది. స్టీరింగ్ కింద మోకాళ్ల దగ్గర పదహారు పిన్నుల సాకెట్టు ఉంటుంది. బ్లూటూత్‌తో ఫోనుకు కలిసే చిన్న రీడర్ దొరుకుతుంది, అది కొనుక్కో, ఊరికే పోదు. కోడ్ చదువు. పీ0301 అంటే ఒకటో సిలిండర్ మిస్ అవుతోందని, అంటే అందులో పెట్రోలు సరిగ్గా మండటం లేదని. పీ0302 రెండోది, అట్లా నాలుగు దాకా. పీ0300 వస్తే ఏ ఒక్కదాని మీదా నిలవకుండా మిస్ అవుతోందని. అప్పుడు పెట్రోలు ప్రెషర్, గాలి లీకు లాంటివి కూడా చూడాలి. ఈ కోడ్ సిలిండర్ ఏదో చెబుతుంది గానీ తప్పు ఎవరిదో చెప్పదు. కాయిల్ కావచ్చు, ప్లగ్గు కావచ్చు, పెట్రోలు చిమ్మే ఇంజెక్టర్ కావచ్చు.

అది తేల్చడానికి పైసా ఖర్చు లేదు. నీ బండిలో ఒక్కో ప్లగ్గు మీద ఒక్కో కాయిల్ ఉంటే, కోడ్ చూపించిన సిలిండర్ కాయిల్ తీసి పక్కదానికి పెట్టు, పక్కది తెచ్చి దీనికి పెట్టు. ప్లగ్గులను కదిలించొద్దు. కోడ్ చెరిపేసి, కాగేదాకా నడుపు. తప్పు కాయిల్‌తో పాటు పక్క సిలిండర్‌కు పోతే దొంగ దొరికినట్టే. అక్కడే ఉండిపోతే కాయిల్ మంచిది, ఈసారి ప్లగ్గులు అట్లాగే మార్చి చూడు. తప్పు ఏదో ఒకదాని వెంట పోయిందని తేలేదాకా కొత్తది కొనడానికి అంగడికి పోవద్దు. ఒకటో సిలిండర్ మామూలుగా బెల్టు ఉండే వైపుది, అయినా మీ బండి పుస్తకంలో ఒకసారి చూసుకో.

ఇంజిన్ పూర్తిగా చల్లారాకే చెయ్యి. తాళం తీసెయ్, బ్యాటరీ నెగటివ్ విప్పు. కొందరు ఇంజిన్ నడుస్తుండగా ఒక్కో కాయిల్ పీకి శబ్దం వింటారు. నువ్వు ఆ పని చెయ్యొద్దు. అక్కడ ఇరవై ముప్పై వేల ఓల్టులుంటాయి, షాకు కొడితే ఉలిక్కిపడి చెయ్యి ఫ్యాను మీదికి పోతుంది. మల్టీమీటర్‌తో ఓములు కొలవమని కూడా చెబుతారు. కాయిల్‌కు మూడు నాలుగు వైర్లు ఉంటే లోపలే ట్రాన్సిస్టర్ ఉన్నట్టు, దాన్ని మీటర్‌తో కొలిచి ఏమీ తేల్చలేం. చల్లగా ఉన్నప్పుడు అన్ని లెక్కలూ సరిగ్గా చూపించి, కాగాక మోసం చేసే కాయిళ్లు బోలెడు.

జవాబు (అనంతపురం)

అక్కా, నేను టాక్సీ నడుపుతాను, సీఎన్‌జీ బండి. కర్నూలు అన్న చెప్పిందంతా కరెక్టు. నేను పోగొట్టుకున్నది కూడా చెబుతాను. ఆరు నెలల్లో ఒకే సిలిండర్‌కు రెండు కాయిళ్లు మార్చాను. రెండోసారి కూడా పోతే అప్పుడు ప్లగ్గు విప్పి చూశాను. కొస అరిగిపోయి గ్యాపు ఎంత పెరిగిందంటే నా గోరు దూరేటట్టుంది. గ్యాపు పెరిగేకొద్దీ స్పార్కు దూకడానికి ఎక్కువ ఓల్టేజీ కావాలి, ఆ భారమంతా కాయిల్ మోస్తుంది. గ్యాసు బండికి అది ఇంకా ఎక్కువ. ప్లగ్గుల సెట్టు వేశాక ఏడాది దాటింది, కాయిల్ జోలికి పోలేదు. కాయిల్ తీసినప్పుడు ప్లగ్గు కూడా తప్పకుండా చూడక్కా.

ఇంకొకటి, వైర్లు చూడు. పొలాల పక్కన పార్కు చేస్తే ఎలుకలు కొరుకుతాయి. పీ0351 నుంచి 0354 దాకా కోడ్ వస్తే కాయిల్‌కు పోయే వైరును, కనెక్టర్‌ను కూడా అనుమానించాలి.

జవాబు (ప్రొద్దుటూరు)

84 వేలు తిరిగింది కాబట్టి నాలుగు కాయిళ్లూ మార్చెయ్యండి మేడమ్. ఒకటి పోయిందంటే మిగతావాటి వయసూ అదే. ప్లగ్గు గుంతలో ఆయిల్ ఉందేమో చూడండి. ఉంటే పైన వాల్వ్ కవర్ సీలు పోయినట్టు. ఆయిల్‌లో నానితే కాయిల్ రబ్బరు ఉబ్బి పాడవుతుంది, ఎన్ని కాయిళ్లు వేసినా నిలవవు.

జవాబు (కర్నూలు)

ఆయిల్ మాట చాలా ముఖ్యం, నేను చెప్పడం మరిచాను. నాలుగూ మార్చాలన్న దానికి మాత్రం ఒప్పుకోను. బాగా పనిచేస్తున్నదాన్ని తీసి పారెయ్యడం ఎందుకు? ప్లగ్గులంటే నాలుగూ కలిపి మార్చాల్సిందే, కాయిళ్లు అట్లా కాదు.

ప్రశ్న అడిగినామె (కడప), నాలుగు రోజుల తర్వాత

అన్నా, రీడర్ తెప్పించాను. పీ0302. నిన్న పొద్దున ఆరింటికి, ఎండ రాకముందే మొదలుపెట్టాను.

పైన ప్లాస్టిక్ కవర్ చేత్తోనే ఊడింది. కాయిళ్లు నాలుగూ వరసగా కనపడ్డాయి, ఒక్కోదానికి ఒక 10 నంబరు బోల్టు. మళ్లీ కలవకుండా కాయిళ్ల మీద మార్కర్‌తో 1, 2, 3, 4 రాసుకున్నాను. బోల్టుకు ఐదు నిమిషాలు పట్టలేదు, కనెక్టర్‌కే అరగంట పట్టింది. లాకు ప్లాస్టిక్ ఎండకు, వేడికి ఎంత పెళుసుబారిందంటే ముట్టుకుంటే విరుగుతుందని భయం. మొదట బలంగా గుంజబోయాను. తర్వాత చూస్తే కనెక్టర్‌ను ముందు కొంచెం లోపలికి నెట్టి, లాకు వదులయ్యాక నొక్కి పట్టుకొని లాగాలని అర్థమైంది. అట్లా చేస్తే టిక్కుమని వచ్చేసింది. మూడోదాని లాకు కొస మాత్రం విరిగింది, అయినా గట్టిగానే కూర్చుంది.

రెండో కాయిల్ ప్లగ్గుకు అతుక్కుపోయింది. నేరుగా లాగితే రబ్బరు తెగేలా ఉంది. ఎడమకు కొంచెం, కుడికి కొంచెం తిప్పుతూ పైకి తీశాను. గుంతలో ఆయిల్ లేదు, పొడిగా ఉంది. రెండోదాన్ని మూడోదానికి, మూడోదాన్ని రెండోదానికి పెట్టి, కోడ్ చెరిపి, రిమ్స్ ఆసుపత్రి దాకా పోయొచ్చాను. ఏమీ రాలేదు! బాగైపోయిందని ఎంత సంతోషపడ్డానో. ఇది బాగైనట్టేనా?

జవాబు (కర్నూలు)

కాదమ్మా. కనెక్టర్ తీసి పెట్టినప్పుడు పిన్నులు సర్దుకొని కొన్నాళ్లు బాగుండటం ఉంది. కానీ నీ బండి చెడేది కాగాక, ఎత్తు మీద. రిమ్స్ రోడ్డు చదునుగా ఉంటుంది కదా. నాన్న లేకుండా, మధ్యాహ్నం పూట, ఒక్కదానివే కాకుండా ఎవరినైనా తోడు తీసుకొని ఘాటు మొదలుదాకా పోయి చూడు. లైటు కొట్టుకుంటే అక్కడే ఆపి కోడ్ చదువు.

ప్రశ్న అడిగినామె (కడప)

పక్కింటి అక్కను తోడు తీసుకొని పోయాను. ఘాటు మొదటి మలుపు దాటలేదు, కుదుపు వచ్చింది. రోడ్డు పక్కకు తీసి, హజార్డ్ లైట్లు వేసి ఫోను చూశాను. పీ0303! తప్పు కాయిల్ వెంట మూడోదానికి పోయింది. ఏడుపూ సంతోషమూ కలిసి వచ్చాయి అన్నా. పావుగంట ఆగి, మెల్లగా తిప్పుకొని వచ్చేశాం.

ఇంటికొచ్చి, బాగా చల్లారాక ఆ కాయిల్ తీసి వెలుతురులో పెట్టి చూశాను. రబ్బరు గొట్టం లోపల, పై నుంచి కింద దాకా పెన్సిల్‌తో గీసినట్టు ఒక సన్నని నల్లటి గీత. అది వేలితో తుడిస్తే పోలేదు. రెండో ప్లగ్గు విప్పితే తెల్ల పింగాణీ మీద కూడా అట్లాంటిదే ఇంకో గీత. అనంతపురం తమ్ముడు చెప్పాడని సన్న రేకులతో సందు కొలిచే ఫీలర్ గేజ్ అడిగి తెచ్చి ప్లగ్గుల గ్యాపు కొలిచాను. పుస్తకంలో 1.1 మిల్లీమీటర్లని ఉంది. నాలుగింటిలో ఏదీ 1.4కు తక్కువ లేదు. కొన్నప్పటి ప్లగ్గులే ఇవి, ఎన్ని సర్వీసులు చేయించినా ఎవరూ మార్చలేదు.

జవాబు (కర్నూలు)

ఆ నల్ల గీతే స్పార్కు పక్కదారి పట్టిన చోటు. ఒకసారి బొగ్గు గీత పడితే కరెంటుకు అదే దారి అలవాటవుతుంది. కొత్త కాయిల్ పెట్టి గీత పడ్డ పాత ప్లగ్గునే ఉంచితే, కొత్త రబ్బరు మీదా అదే గీత పడుతుంది. అందుకే రెండూ కలిపి మార్చాలి.

కాయిల్ మీద అచ్చు వేసిన పార్టు నంబరు ఫోటో తీసుకొని పో, బిల్లు ఇచ్చే అంగట్లోనే కొను. ప్లగ్గులు పెట్టేముందు గుంతల్లో దుమ్ము గాలితో ఊదెయ్యి, లేకుంటే సిలిండర్‌లో పడుతుంది. ప్లగ్గును మొదట రెంచి లేకుండా, సాకెట్టూ రాడ్డూ చేత్తో పట్టుకొని తిప్పు. మర ఎక్కడైనా పట్టేస్తే వెనక్కి తిప్పి మళ్లీ పెట్టు, బలవంతం చేస్తే అల్యూమినియం హెడ్డులో మర పోతుంది. చేతి బిగువు అందాక, వాషరు ఉన్న కొత్త ప్లగ్గుకు అర చుట్టు నుంచి మూడింట రెండొంతుల చుట్టు లోపే బిగించు. రబ్బరు లోపలి అంచుకు కరెంటు పారనివ్వని డైఎలక్ట్రిక్ గ్రీజు కొంచెం రాస్తే ఇంకోసారి అతుక్కోదు. మామూలు గ్రీజు వద్దు.

ప్రశ్న అడిగినామె (కడప), పది రోజుల తర్వాత

కాయిల్ 2,300, ప్లగ్గులు నాలుగూ కలిపి 1,600. రీడర్ 900. శనివారం పొద్దున గంటన్నరలో అయిపోయింది. చివరి కాయిల్ నొక్కితే ప్లగ్గు మీద టప్పుమని కూర్చున్న చప్పుడు వినగానే మా ఆయనకు వీడియో కాల్ చేసి చూపించాను.

నిన్న నాన్నతో ఘాటు రెండుసార్లు దాటాను, ఏసీ వేసుకొని, మూడో గేరులోనే. కోడ్ లేదు, లైటు లేదు. నాన్న సగం దారిలోనే నిద్రపోయాడు.

ఒక్క అనుమానం. మిగతా మూడు కాయిళ్లలో ఏదైనా దారిలో పోతే ఎట్లా?

జవాబు (కర్నూలు)

ఇంకో కొత్త కాయిల్ కొని డిక్కీలో పెట్టుకో, పక్కన 10 నంబరు సాకెట్టు, టార్చి. ఇప్పుడు నీకు చెయ్యడం వచ్చు కదా. ఆ మూడో కనెక్టర్ లాకు విరిగిందన్నావు, దాన్ని అట్లా వదలొద్దు, కుదుపులకు ఊడుతుంది. ప్రస్తుతానికి సన్నని కేబుల్ టై వేసి, కొత్త కనెక్టర్ దొరికాక మార్పించు.