కెనడాలోని సస్కాచెవాన్ ప్రావిన్స్‌లో 20 మంది ఉన్న హామ్లెట్‌లో (చిన్న పల్లెలో) ఇల్లు కొనొచ్చా?

గుంటూరు_టు_రెజైనా: అందరికీ నమస్తే. మా ఆవిడకి ఓ చిన్న టౌన్‌లో వృద్ధాశ్రమంలో కేర్ ఎయిడ్ ఉద్యోగం వచ్చింది. అక్కడ అద్దె ఇళ్లు దొరకట్లేదు. టౌన్‌కి 20 కిలోమీటర్ల అవతల ఒక హామ్లెట్‌లో పాత ఇల్లు కారు ధరకే వస్తోంది. సెన్సస్‌లో ఆ ఊరి జనాభా 20. గుంటూరులో మా అపార్ట్‌మెంట్‌లో ఒక్క అంతస్తులోనే అంతకంటే ఎక్కువ మంది ఉంటారు! ఒకప్పుడు అక్కడ బ్యాంకు, హోటలు, బడి అన్నీ ఉండేవట. మరి ఏమయ్యాయి? పాపకి ఆరేళ్లు. చలికాలం తలుచుకుంటేనే టెన్షన్‌గా ఉంది.

మంచుబాబు: వద్దు బ్రదర్. జనవరిలో మైనస్ 35లో బండి ఆగిపోతే ఫోన్ సిగ్నల్ కూడా ఉండదు. టౌన్‌లోనే ఓ బేస్‌మెంట్ వెతుక్కోండి.

ధాన్యం_లారీ: నేను ఉండేది అలాంటి ఊళ్లోనే తమ్ముడూ. రైతుల కళ్లాల నుంచి టెర్మినల్‌కి, అంటే ధాన్యం రైలుకెక్కించే పెద్ద గిడ్డంగికి, ధాన్యం తోలుతుంటాను.

ముందు ఆ 20 సంగతి చెప్తా. అది ఊరి హద్దు లోపల కాపురమున్న వాళ్ల లెక్క. చుట్టూ పొలాల్లో ఇళ్లు కట్టుకున్న రైతులు రూరల్ మునిసిపాలిటీ లెక్కలోకి పోతారు. మా ఊళ్లో కమ్యూనిటీ హాలు తాళాలు ఉండేది వాళ్ల దగ్గరే, ఫాల్ సప్పర్‌కి (శరదృతువులో ఊరంతా కలిసి చేసుకునే విందుకి) టర్కీ కోళ్లు వండేదీ వాళ్లే. కాబట్టి ఆ అంకె చూసి బెదిరిపోకు. ఎంతమంది అని కాదు, హాలు ఇంకా నడుస్తోందా అని అడుగు.

ఇక ఊళ్లెందుకు ఖాళీ అయ్యాయంటావా? 1872 భూముల చట్టం కింద, ఇక్కడ స్థిరపడడానికి వచ్చిన వాళ్లకి 10 డాలర్ల రుసుముకి 160 ఎకరాలు ఇచ్చారు. రైతు గుర్రపు బండిలో గోధుమలు తోలి పొద్దుగుంకేలోపు ఇల్లు చేరాలి కదా, అందుకే రైలు పట్టాల వెంట ఎనిమిది పది మైళ్లకో ఎలివేటర్ (ధాన్యం నిల్వచేసి రైలుకెక్కించే ఎత్తైన గోదాం) లేచింది. దాని చుట్టూ ఊరు. 1933 నాటికి ప్రెయిరీల్లో (పశ్చిమ కెనడా మైదానాల్లో) 5,700కి పైగా ఎలివేటర్లు ఉండేవి. లారీలొచ్చాక ఆ దూరాలకి అర్థం పోయింది. రైలు బ్రాంచి లైన్లు పీకేశారు. 1995లో ధాన్యం రవాణాకి ప్రభుత్వమిచ్చే సబ్సిడీ కూడా తీసేశారు. ఇప్పుడంతా పెద్ద కాంక్రీట్ టెర్మినళ్లే. నా పొట్ట నిండేది వాటివల్లేలే, తిట్టను.

1931లో సస్కాచెవాన్ జనాభా 9.2 లక్షలు, కెనడాలో మూడో పెద్ద ప్రావిన్స్. 2021లో 11.3 లక్షలు. అందులో సస్కటూన్, రెజైనా నగరాల్లోనే 4.9 లక్షల మంది. పల్లె ఎటు పోయిందో అర్థమైందిగా.

మా వీధిలో సిమెంటు కాలిబాట ఉంది, పక్కన ఇళ్లు లేవు. కరగానా పొదలు మాత్రం నలుచదరంగా మిగిలాయి. ఒక్కో చదరం ఒకప్పుడు ఒక ఇంటి కంచె. మా కుక్కకి అవన్నీ తెలుసు.

మన వంటింటితోనూ చుట్టరికం ఉందండోయ్. కెనడా నుంచి ఇండియాకి వెళ్లే ఎర్ర మైసూరు పప్పు చాలావరకు ఈ నేల పంటే. కోతలప్పుడు నా చొక్కా నిండా దాని దుమ్మే.

సెప్టిక్_సుబ్బారావు: పప్పు సరే, నీళ్ల సంగతి చూడండి. బావా, ట్యాంకా? ట్యాంకైతే నీళ్లు తెచ్చేదెవరు, నెలకెంత? సెప్టిక్ ఎప్పుడు తోడించారు? ఫైర్ స్టేషన్ దూరమైతే ఇన్సూరెన్స్ మండిపోతుంది, కట్టెల పొయ్యి ఉంటే ఇంకా పేచీ. ఇంత చవక ఇంటికి బ్యాంకు లోను ఇస్తుందన్న గ్యారంటీ కూడా లేదు. ముందే కనుక్కోండి.

గుంటూరు_టు_రెజైనా: థాంక్సండీ. మరి పాప బడి?

ధాన్యం_లారీ: స్కూల్ బస్సు మీ ఇంటి ముందుకి వస్తుందా, హైవే దాకా నడవాలా అన్నది స్కూల్ డివిజన్‌కి ఫోన్ చేసి అడుగు. అమ్మేవాడి మాట నమ్మొద్దు. రోడ్డు మీద మంచు తీసే గ్రేడర్ ఏ పూట వస్తుందో కూడా తెలుసుకో, మీ ఆవిడది పొద్దున్నే షిఫ్టయితే అదే అసలు సమస్య. ఫాల్ సప్పర్ ఈ నెలాఖర్లో పెట్టి ఉంటారు. సంతకం పెట్టకముందే ముగ్గురూ టికెట్ కొనుక్కుని వెళ్లి తినండి. పక్క కుర్చీ పెద్దాయన్ని ఆ ఇంటి గురించి అడిగితే, పైకప్పు ఎప్పుడు మార్చారో కూడా చెప్తాడు.