రేకుల మీది ముఖారి, ఇప్పటి ముఖారి ఒకటేనా?

ప్రశ్న (ప్రొద్దుటూరు నుంచి):
అందరికీ నమస్కారం. మా అమ్మాయి “బ్రహ్మ కడిగిన పాదము” ముఖారి రాగంలో నేర్చుకుంటోంది. ఐరోపాలో పాత సంగీతాన్ని ఆ కాలపు వాద్యాలతో, ఆ కాలపు పద్ధతిలో వాయించేవాళ్లు ఉన్నారని విన్నాను. మన అన్నమయ్య పదాలను అలా పాడలేమా? ఆ పదాలు చెక్కిన రాగిరేకుల మీద రాగాల పేర్లు ఉన్నాయి కదా, ఆ రాగంలో పాడితే సరిపోదా?

జవాబు (కడప నుంచి):
సరిపోదండీ. ఐరోపా వాళ్ల దగ్గర స్వరలిపి (పాట స్వరాలను రాసిపెట్టే పద్ధతి) ఉంది, పేగు తంత్రుల వాయులీనాలు ఉన్నాయి, వాయించే తీరు వివరించే పాత గ్రంథాలు ఉన్నాయి. మన రేకుల మీద ఉన్నది సాహిత్యం, పైన రాగం పేరు. స్వరాలు లేవు.

ఆ పేరును కూడా ఇప్పటి చెవితో చదవకూడదు. అన్నమయ్య 1503లో పరమపదించారు. 1550లో విజయనగరంలో రామామాత్యుడు రాసిన ‘స్వరమేళకళానిధి’లో ముఖారి మొదటి మేళం (రాగాలకు మూలమైన స్వరాల వరుస), అన్నీ శుద్ధస్వరాలే. అంటే ఇప్పటి లెక్కలో కనకాంగి అనే మేళం స్వరాలు. మీ అమ్మాయి పాడుతున్న ముఖారి ఖరహరప్రియ అనే మరో మేళం నుంచి పుట్టిన రాగం (జన్యం), శుద్ధస్వరాల కన్నా ఎత్తైన చతుశ్రుతి రిషభం, సాధారణ గాంధారం ఉన్నది. పేరు నిలిచింది, స్వరాలు మారాయి. తాళ్ళపాక మన రాజంపేట పక్కనే ఉన్నా, ఆ పాట మాత్రం మనకు అందనంత దూరంలో ఉంది.

జవాబు (అనంతపురం నుంచి):
మరి మా జిల్లాలో పుట్టిన రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మ గారు వరుసలు కట్టింది వృథా అంటారా?

జవాబు (కడప నుంచి):
ఎంత మాట! ఆయన కట్టకపోతే ఈ పదాలు గ్రంథాలయాల్లోనే ఉండేవి. కానీ అవి 20వ శతాబ్దపు విద్వాంసుడి రచనలు. అలా చెప్పి పాడితే ఆయనకే గౌరవం. “అన్నమయ్య వరుస” అని వేదిక మీద ప్రకటించడమే నాకు నచ్చదు.

అసలు ఆధారం పద్యంలోనే ఉంది. చరణం చూడండి:

చెలగి వసుధ గొలిచిన నీ పాదము
బలి తల మోపిన పాదము
తలకగ గగనము దన్నిన పాదము
బలరిపు గాచిన పాదము

హ్రస్వానికి ఒకటి, దీర్ఘానికి రెండు చొప్పున లెక్కిస్తే పాదానికి (పంక్తికి) మాత్రలు 16, 12, 16, 12. అన్నీ చతుర్మాత్రా గణాలు, అంటే నాలుగేసి మాత్రల ముక్కలు: చెలగివ, సుధగొలి, చిననీ, పాదము. నాలుగు పాదాలకూ రెండో అక్షరంలో లకార ప్రాస. ఆ నడక రాగం మారినా మారదు. పల్లవి (“బ్రహ్మ కడిగిన పాదము / బ్రహ్మము దానె నీ పాదము”) కొంచెం తిరకాసు: మొదటి పాదం 11, రెండోది 13. రెండూ కలిస్తే 24, గణాలకు సరిపోతుంది. కాబట్టి మొదటి పాదంలో ఒక మాత్ర సాగదీసి, రెండో పాదంలో ఒకటి కుదించి పాడి ఉండాలని నా ఊహ. ఆ కాలపు పద్ధతి కావాలనుకునే గాయకులు మొదట ఇక్కడ కూర్చోవాలి, తరువాతే గమకాల (స్వరాన్ని ఊపి పలికే తీరు) సంగతి.

ప్రశ్న (ప్రొద్దుటూరు నుంచి):
రాగం లేకుండా చప్పట్లతో చెప్పించి చూస్తాను. పుస్తకంలో “కడిగిన” బదులు “గడిగిన” అని ఉంది, అచ్చుతప్పా?

జవాబు (కడప నుంచి):
కాదండీ, గసడదవాదేశం. “బ్రహ్మ” ప్రథమా విభక్తిలో ఉన్న మాట, దాని తరువాత వచ్చిన పరుషమైన క సరళమైన గ అయింది. రెండో పాదంలో “బ్రహ్మము దానె” కూడా అంతే, “తానె” లోని త ద అయింది. “గడిగిన” అనే నేర్పించండి.