కాందిశీకుడు: ఏ దిక్కుకు?

ప్రశ్న: 1942 నాటి పల్లెటూరి కథ ఒకటి రాస్తున్నాను. బర్మా నుంచి ప్రాణాలు చేతబట్టుకుని వచ్చిన కుటుంబంలోని పిల్లవాడికీ, ఊళ్లోనే పుట్టి పెరిగినవాడికీ కుదిరిన స్నేహం. ఊరి పిల్లవాడు కొత్తవాణ్ణి 'కాందిశీకుడు' అన్నాడని రాస్తే, చదివిన మిత్రుడు నవ్వాడు. 'శరణార్థి' అని మార్చనా?

జవాబు: మార్చకండి. శరణార్థి చేయి చాచి నిలబడ్డవాడు. కాందిశీకుడిలో ఇంకా పరుగు ఉంది. సంస్కృతంలో 'కాం దిశం', అంటే 'ఏ దిక్కుకు?' అనే ప్రశ్నే ఆ మాటకు పుట్టిల్లు. 'కాందిశీకో భయద్రుతః' అని పాత సంస్కృత నిఘంటువు అమరకోశం రెండు ముక్కల్లో తేల్చేసింది: భయంతో పరుగెత్తినవాడు. యుద్ధంలో 1941 డిసెంబరు 23న బర్మాలోని రంగూన్ మీద జపాన్ బాంబులు పడ్డాక జనం అడిగింది అచ్చంగా ఆ ప్రశ్నే. ఓడ దొరికినవాళ్లు ఓడెక్కారు, దొరకనివాళ్లు కొండలూ అడవులూ దాటి నడిచారు. ఇక తెలుగులో దిక్కుకు ఆసరా అనే అర్థం కూడా ఉంది కదా, 'వాడికి దిక్కెవరు?' అంటాం. సంస్కృతం వేసిన ప్రశ్నకు మీ కథలో ఊరి పిల్లవాడే జవాబు.

మరొకరు: వ్యుత్పత్తి ముచ్చటగా ఉంది, కాదనను. కానీ పదేళ్లవాడికి ఆ మాట నోరు తిరగదు. అది పత్రికల మాట, మాస్టారి మాట. పిల్లలైతే 'బర్మావాడు' అంటారు. తమాషా ఏమిటంటే, రంగూన్‌లో తెలుగువాళ్లను కోరంగి రేవు పేరు మీద 'కోరంగీలు' అనేవారు. అక్కడ కోరంగీ, ఇక్కడ బర్మావాడు. ఎక్కడికి పోయినా విడిచి వచ్చిన చోటే వాడికి పేరు!

ఇంకో సంగతి. 1942 ఏప్రిల్ 6న విశాఖపట్నం, కాకినాడల మీద బాంబులు పడ్డాక పట్నం వాళ్లూ పల్లెలకు పరుగెత్తారు. అమరకోశం లెక్కన వాళ్లూ కాందిశీకులే. అయినా ఊళ్లో తాతగారి ఇల్లున్న పిల్లవాణ్ణి ఆ మాట అనడానికి నాకు నోరు రాదు. వాడికి దిక్కు ఉంది.

ప్రశ్న వేసినవారు: సరే, కాందిశీకుణ్ణి మాస్టారికి ఇచ్చేస్తున్నాను. పిల్లవాడు మొదటి రోజు 'ఒరేయ్ బర్మా!' అని పిలుస్తాడు. నాలుగో పేజీకి వచ్చేసరికి బర్మా రాలిపోతుంది, 'ఒరేయ్' ఒక్కటే మిగులుతుంది.